పెట్టె వచ్చింది, మనిషి రాలే

యుద్ధం మీద వచ్చిన సినిమాల్లో నన్ను అన్నిటికంటే ఎక్కువ కుదిపేసిన దాంట్లో యుద్ధమే కనపడదు. ట్యాంకులు లేవు, కందకాలు లేవు, శత్రువు ముఖం లేదు. శ్రీలంక దర్శకుడు ప్రసన్న వితానగే 1997లో తీసిన 'పుర హంద కలువర' అది. నిండు పున్నమి నాటి చీకటి అని ఆ పేరుకి అర్థం. నిడివి గంటా పావు.

వానల్లేక ఎండిపోయిన ఒక చెరువు. దాని పక్కన చిన్న పల్లె. అందులో చూపులేని ముసలాయన వన్నిహామి. కొడుకు బండార సైన్యంలో ఉన్నాడు. పెళ్ళి కావాల్సిన కూతురు ఇంట్లో ఉంది. కొడుకు పంపే జీతంతో మొదలుపెట్టిన ఇల్లు గోడల దగ్గర ఆగిపోయింది. ఒకరోజు సైన్యం బండిలో శవపేటిక వస్తుంది. సీలు వేసి ఉంటుంది, తెరవకూడదు. ఊరంతా ఏడుస్తుంది, భిక్షువులు వస్తారు, పాతిపెడతారు. ముసలాయన మాత్రం నమ్మడు. తన కొడుకు చచ్చిపోలేదంటాడు. గుండెలు బాదుకోడు, గొడవ చేయడు. నమ్మడు, అంతే. ప్రభుత్వం లక్ష రూపాయల పరిహారం ఇస్తానంటుంది. కాగితం మీద వేలిముద్ర వేస్తే డబ్బు చేతికొస్తుంది. ఇల్లు పూర్తవుతుంది, పిల్ల పెళ్ళి అవుతుంది, అప్పులు తీరతాయి. ఆయన వేలిముద్ర వేయడు. చివరికి పలుగు పట్టుకుని ఆ గుంట తవ్వుతాడు. పెట్టెలో అరటి బోదెలు, రాళ్ళు ఉంటాయి.

కథంతా చెప్పేశానని బాధపడకండి. ముగింపు తెలిస్తే చెడిపోయే సినిమా కాదిది. ఏం జరుగుతుందో తెలిసి చూసినప్పుడే ఆ ముసలాయన వేసే ప్రతి అడుగూ ఇంకా బరువుగా అనిపిస్తుంది.

నేను చెప్పదలుచుకున్నది ఒక్కటే. యుద్ధం గురించిన సినిమా పెట్టె ఇంటికి వచ్చాకే మొదలవ్వాలి. మన తెలుగు సినిమా ఆ పెట్టె దగ్గరే, జెండా కప్పగానే, బ్యాక్‌గ్రౌండ్ మ్యూజిక్ పెంచేసి ఆగిపోతోంది. ఆ తర్వాత ఉన్నదే అసలు కథ అని నా నమ్మకం. హైదరాబాద్‌లో ఉండేవాళ్ళకి ఆ కథ దూరంది కూడా కాదు. ఎందుకు కాదో కాసేపాగి చెబుతాను.

ఈ సినిమాని తార్నాకలో ఒక మిత్రుడి ఇంట్లో, హాలు గోడ మీద ప్రొజెక్టర్ వేసుకుని చూశాం. అయిపోయాక మాలో ఒకాయన అన్నాడు: "బాగుంది గానీ అన్నా, టెన్షన్ లేదు. ముసలాయన నడుస్తనే ఉంటడు, కూర్చుంటనే ఉంటడు. ఒక్క బాంబు అన్నా పేలాలె గద." ఆయన తేలికగా అనలేదు. నిజంగానే వెతికాడు, దొరకలేదు. కాబట్టి ఆ మాటకి జవాబు చెప్పి తీరాలి.

టెన్షన్ ఉంది. ఆ ముసలాయన బొటనవేలికీ ఆ కాగితానికీ మధ్య ఉంది. ఇంట్లో డబ్బు లేదు, ఊళ్ళో పెద్దమనుషులు నచ్చచెబుతున్నారు, కూతురి ముఖం ఆయనకి కనపడకపోయినా ఆమె ఊపిరి వినపడుతోంది. ఒక్క వేలిముద్ర పడితే అందరికీ మంచిదే. ఒక్కడికి తప్ప. తండ్రి ముద్ర వేసిన క్షణాన ఆ కొడుకు ప్రభుత్వ లెక్కలోనే కాదు, ఇంటి లెక్కలో కూడా చచ్చిపోతాడు. ఇంతకంటే పెద్ద క్లైమాక్స్ నాకు తెలిసిన ఏ యుద్ధ సన్నివేశంలోనూ లేదు.

ఇక నడక సంగతి. మన సినిమాల్లో స్లో మోషన్ హీరో నడకకి పెడతారు. అక్కడ కాలం సాగేది మనం ఆయన్ని చూసి పొంగిపోవడానికి. వితానగే కాలాన్ని సాగదీయడు, కత్తిరించడు. చూపులేని మనిషి కర్ర పోటు వేసుకుంటూ ఎండిన చెరువు పక్కన నడిస్తే ఎంతసేపు పడుతుందో అంతసేపు కెమెరా ఓపిగ్గా ఉంటుంది. మొదట్లో మనకి విసుగొస్తుంది. ఆ విసుగు దాటితే చెవులు తెరుచుకుంటాయి. కర్ర నేలకి తగిలిన చప్పుడు, గాలి, దూరంగా ఎవరో పిలవడం. ఆయన లోకం ఆయన చేతులతో, చెవులతో తెలిసే లోకం. సినిమా మెల్లమెల్లగా మనల్ని ఆ లోకంలోకి మారుస్తుంది. పెట్టె వచ్చేసరికి మనం కూడా దాన్ని కళ్ళతో నమ్మడం మానేసి ఉంటాం. జెండా, సీలు, సెల్యూట్ ఇవన్నీ కళ్ళున్నవాళ్ళ కోసం చేసిన ఏర్పాట్లు. ఆయన మీద అవి పనిచేయవు. ఆయన్ని చూపులేనివాడిగా పెట్టడంలో ఉన్న తెలివి అదే. దాన్ని సినిమాలో ఎవరూ మాటల్లో చెప్పరు.

వన్నిహామిగా వేసిన జో అబేవిక్రమ సింహళ ప్రేక్షకులకి మొదట హాస్యనటుడిగా పరిచయం. మన బ్రహ్మానందం గారు 'రంగమార్తాండ'లో నవ్వించకుండా ఉన్నప్పుడు మనకి ఒళ్ళు జలదరించింది కదా, అక్కడివాళ్ళకీ అలాగే ఉండి ఉంటుంది. ఈ పాత్రకి ఆయన 1999లో సింగపూర్ చిత్రోత్సవంలో ఉత్తమ నటుడి బహుమతి అందుకున్నాడు. ఆయన ముఖంలో మొండితనం కనపడదు. పట్టుదల అని కూడా అనలేను. చెరువులో నీళ్ళు లేవని తెలిసినవాడు నీళ్ళు లేవు అన్నంత మామూలుగా, నా కొడుకు ఆ పెట్టెలో లేడు అంటాడు.

'కవితాత్మక సినిమా' అనే మాట మనం చాలా తేలికగా వాడేస్తున్నాం. పొగమంచు, చినుకులు, కిటికీ దగ్గర అమ్మాయి ఉంటే కవిత్వమైపోతోంది. రష్యన్ దర్శకుడు తార్కోవ్‌స్కీ తన మొదటి పెద్ద సినిమా 'ఇవాన్ బాల్యం'లో యుద్ధం మధ్య పన్నెండేళ్ళ పిల్లవాడి కలలు చూపించాడు: బావి, అమ్మ, ఆపిల్ పళ్ళ లారీ. 1962లో వెనిస్ చిత్రోత్సవంలో దానికి అత్యున్నత బహుమతి గోల్డెన్ లయన్ వచ్చింది. అది గొప్ప సినిమానే, కాదనను. కానీ అక్కడ కవిత్వం కలలోకి వెళ్ళి ఊపిరి తీసుకుంటుంది. వితానగే ఆ వెసులుబాటు కూడా తీసుకోలేదు. ఎండిన చెరువు, సగం గోడలు, కాగితం, పెట్టె, ఇంతే సరుకు. ఈ నాలుగింటినీ ఒకదాని పక్కన ఒకటి పెట్టి వదిలేశాడు. చెప్పకుండా మిగిల్చింది మన లోపల పూర్తవుతుంది. నాకు నచ్చే కవిత్వం ఆ రెండోదే.

ఇప్పుడు హైదరాబాద్ సంగతి.

శ్రీలంక ప్రభుత్వానికీ తమిళ పులులకీ (ఎల్టీటీఈ) మధ్య జరిగిన యుద్ధం ఎవరిదో అనుకుంటాం. 1987 జులైలో భారత్-శ్రీలంక ఒప్పందం కుదిరాక శాంతి పరిరక్షక దళం పేరుతో మన సైన్యం ఆ దేశపు ఉత్తరాన ఉన్న జాఫ్నాకి వెళ్ళింది. అక్కడ మొదట దిగిన 54వ పదాతి డివిజన్ కేంద్రం మన సికింద్రాబాదే. తిరుమలగిరి, బొల్లారం దారుల్లో మనం రోజూ దాటిపోయే కంటోన్మెంట్ గోడల వెనక నుంచే ఆ ప్రయాణం మొదలైంది. అక్టోబర్ వచ్చేసరికి శాంతి పోయి యుద్ధమైంది. 1990 మార్చిలో చివరి దళాలు తిరిగొచ్చేసరికి దాదాపు 1,200 మంది భారత సైనికులు ప్రాణాలు పోగొట్టుకున్నారు. వన్నిహామి కొడుకు వెళ్ళిన యుద్ధంలోనే మనవాళ్ళూ ఉన్నారు.

అల్వాల్ వైపు మా వీధిలో ఒక పెద్దావిడ ఉంటుంది. అందరం అమ్మమ్మా అనే పిలుస్తాం. ఆమె భర్త సైన్యంలో నాయక్‌గా పనిచేస్తూ ఆ జాఫ్నా పోరులోనే పోయాడు. ఆ రోజుల్లో పార్థివదేహాన్ని ఇంటికి పంపడం మామూలు కాదు, చాలాసార్లు అక్కడికి దగ్గర్లోనే దహనం చేసేసేవారు. ఇంటికి వచ్చింది ఆయన నల్ల ట్రంకు పెట్టె. మూత మీద తెల్ల పెయింటుతో పేరు, నంబరు. తాళంచెవి రాలేదు. బావగారు సుత్తితో తాళం పగలగొట్టాడట. లోపల రెండు జతల బట్టలు, షేవింగ్ సెట్టు, దోమతెర, ఒక డబ్బాలో సగం వాడిన బూట్ పాలిష్. ఆ పెట్టె ఇప్పటికీ ఆమె మంచం కింద ఉంది. చలికాలపు దుప్పట్లు అందులోనే పెడుతుంది. నంబరు మీద పెయింటు చాలా వరకు పెచ్చులూడిపోయింది, చివరి మూడంకెలు మాత్రం చదవగలం.

సినిమా చూసొచ్చాక ఆమెతో మాట్లాడుతూ ఈ ముసలాయన కథ చెప్పాను. ఆమె మధ్యలో ఎక్కడా ఆపలేదు. అంతా విని, "పెట్టె అయితే వచ్చింది బిడ్డా. మనిషి రాలే. కాలబెట్టిన్రు అన్నరు. నేను సూడలే గద" అంది. ఇన్నేళ్ళ తర్వాత కూడా ఆ 'గద' దగ్గర గొంతులో చిన్న ప్రశ్న ఉంది. అంతలోనే పెన్షన్ మాట ఎత్తింది. నవంబర్ వస్తే బ్యాంకుకో, మీసేవకో వెళ్ళి బతికే ఉన్నానని వేలు పెట్టి రుజువు ఇచ్చి రావాలి. వేళ్ళు అరిగిపోయి మిషన్ ఒక్కోసారి గుర్తుపట్టదు, మళ్ళీ మళ్ళీ పెట్టాలి. "నేను బతికున్ననని ఏటేటా వేలు పెట్టాలె. ఆయన సచ్చిపోయిండని ఒక్కసారి పెట్టిన, అది చాలింది వాళ్ళకు."

ఈ వాక్యం ఏ రచయితా రాయలేడు. వన్నిహామి ఆ వేలిముద్ర ఎందుకు వేయలేదో ఆమెకి ఎవరూ విడమర్చి చెప్పనక్కర్లేదు. టెన్షన్ లేదన్న మిత్రుడికి నేను ఇచ్చిన జవాబుకంటే ఆమె జవాబే గట్టిది.

1999లో కార్గిల్ యుద్ధం నుంచి పద్ధతి మారింది. అప్పటి నుంచి అమరుల దేహాలని సొంత ఊళ్ళకి పంపుతున్నారు. ఆ మార్పు చాలా మంచిది, కుటుంబాలకి చివరి చూపు దక్కింది. 2020 జూన్‌లో గల్వాన్‌లో అమరుడైన కల్నల్ సంతోష్‌బాబు దేహం హకీంపేటలో దిగి సూర్యాపేట చేరిన రోజు తెలుగు రాష్ట్రాలు రెండూ టీవీల ముందే ఉన్నాయి. దారి పొడవునా జనం నిలబడ్డారు. ఆ కన్నీళ్ళలో నటన లేదు, నావీ అందులో ఉన్నాయి. కానీ కెమెరాలు ఎంతసేపు ఉంటాయి? అంత్యక్రియలు అయ్యేదాకా. ఆ తర్వాత ఇంట్లో వాళ్ళు పళ్ళెం ఒకటి తక్కువ పెట్టుకోవడం, పిల్లల స్కూల్ ఫారంలో తండ్రి పేరు పక్కన ఏం రాయాలో ఆలోచించుకోవడం, కరెంటు బిల్లు ఎవరి పేరు మీదకి మార్చాలో తెలియకపోవడం ఏ ఛానల్‌కీ వార్త కాదు. సినిమా చేయాల్సిన పని అక్కడుంది. వార్తకి లేని ఓపిక కళకి ఉండాలి.

1971 యుద్ధం నుంచి ఇంకో లెక్క తేలకుండా ఉంది. పాకిస్తాన్ చెరలో ఉన్నట్టు భావిస్తున్నామని మన ప్రభుత్వం చెబుతూ వచ్చిన 54 మంది సైనికులు. పాకిస్తాన్ తమ దగ్గర ఎవరూ లేరంటుంది. ఆ ఇళ్ళల్లో కొందరు భార్యలు బొట్టు తీయాలో ఉంచుకోవాలో తెలియకుండానే ముసలివాళ్ళయ్యారు. పెట్టె వచ్చి నమ్మకం కుదరని ఇల్లు ఒకటి, పెట్టే రాని ఇల్లు ఇంకొకటి. రెండిట్లోనూ యుద్ధం ముగియలేదు.

ఇలాంటి సినిమాలు సైన్యాన్ని కించపరుస్తాయని, జవాన్ల మనోధైర్యం దెబ్బతింటుందని ఒక వాదన ఉంది. శ్రీలంకలో సరిగ్గా ఈ కారణమే చూపి 2000లో ప్రభుత్వం ఈ సినిమా విడుదలని ఆపేసింది. అప్పుడు యుద్ధం ఘోరంగా నడుస్తోంది, ఏప్రిల్‌లోనే ఎలిఫెంట్ పాస్ సైనిక స్థావరం తమిళ పులుల చేతికి పోయింది. వితానగే సుప్రీంకోర్టుకి వెళ్ళాడు. 2001లో కోర్టు ఆయన పక్షానే తీర్పునిచ్చింది, సినిమా విడుదలైంది. యుద్ధం మధ్యలో ఉన్న దేశపు అత్యున్నత న్యాయస్థానం ఆ ముసలాయన అనుమానాన్ని జనం చూడొచ్చని చెప్పింది. ఏడు కొండలంత ధైర్యమున్న సైనికుడైనా తన తండ్రి తన కోసం ఇలా నిలబడతాడని తెలిస్తే కుంగిపోతాడా? నా ఉద్దేశంలో బండారని ఆ ఊళ్ళో గౌరవించింది తండ్రి ఒక్కడే. మిగతా అందరూ పెట్టెని గౌరవించారు.

దర్శకుడి కథ అక్కడితో అయిపోలేదు. ఆయన 2012లో తీసిన 'ఒబ నతువ ఒబ ఎక్క'లో సైన్యంలో పనిచేసి వచ్చిన ఒక సింహళ వడ్డీ వ్యాపారి ఒక తమిళ అమ్మాయిని పెళ్ళాడతాడు. యుద్ధం అయిపోయింది, మంచం మీద మాత్రం ఇద్దరి మధ్యా పడుకునే ఉంది. 2014లో చెన్నైలో దాన్ని వేస్తే, సింహళ దర్శకుడి సినిమా అని బెదిరింపులొచ్చాయి, థియేటర్ ప్రదర్శన ఆపేసింది. కొలంబోలో దేశద్రోహి, చెన్నైలో శత్రువు. రెండు వైపులా కోపం తెప్పించాడు కాబట్టి నిజం చెప్పాడని నేను అనను, అది చాలా చవక తర్కం. కానీ రెండు చోట్లా భయపడింది ఒకే దానికి: ఎదుటివాడి ఇంట్లో దుఃఖం మనింట్లో దుఃఖంలాగే ఉంటుందన్న సంగతికి.

'పుర హంద కలువర' మీద నాకూ ఒక ఫిర్యాదు ఉంది. అందులో తమిళులు లేరు. ఎండిన సింహళ పల్లె దాటి కెమెరా తమిళులుండే ఉత్తరానికి చూడదు. వన్నిహామికి పాతిపెట్టడానికి పెట్టె అయినా వచ్చింది. కిలినొచ్చి, వవునియాలలో తమిళ తల్లులు 2017 నుంచి రోడ్డు పక్క టెంట్లలో ఫోటోలు పట్టుకుని కూర్చున్నారు, యుద్ధం చివరి రోజుల్లో సైన్యానికి అప్పగించిన మా పిల్లలెక్కడ అని. వాళ్ళకి పెట్టె కూడా రాలేదు. ఒక్క సినిమా అన్నీ మోయలేదని తెలుసు. అయినా ఆ లోటు లోటే. ఆ తల్లుల పక్కన పెట్టుకుని చూస్తే ఈ సినిమా ఇంకా బాగా అర్థమవుతుంది.

ఇలాంటివి మన ప్రేక్షకులు చూడరు అంటారు నిర్మాతలు. నేను ఒప్పుకోను. 'సీతారామం' 2022లో ఎంత బాగా ఆడిందో మనం చూశాం. అందులో జనం గుండెకి తగిలింది ఫైట్లు కాదు, 20 ఏళ్ళు ఆలస్యంగా చేరిన ఒక ఉత్తరం. ఎదురుచూపుని మనవాళ్ళు చూస్తారు, ఏడుస్తారు, మళ్ళీ వెళ్ళి చూస్తారు. అయితే ఆ సినిమాలో ఎదురుచూపు అందంగా ఉంటుంది, మంచు, పాటలు, చీరలు. అప్పులోళ్ళు తలుపు కొట్టే ఎదురుచూపు, రేషన్ కార్డులో పేరు తీసేయాలా వద్దా అనే ఎదురుచూపు తెర మీదకి రావాలి. 1979లోనే గౌతం ఘోష్, బి. నర్సింగరావు కలిసి 'మా భూమి' తీయగలిగిన నేల ఇది. తెలంగాణ పల్లె ముఖాలని, మాటని, పాటని ఏ మెరుగూ పెట్టకుండా చూపించారు. దాన్ని జనం నెత్తిన పెట్టుకున్నారు. అంటే లోపం చూసేవాళ్ళలో లేదు.

'మా భూమి' చూపించిన కాలపు ఇంకో గాయం ఉంది. 1948 సెప్టెంబర్‌లో పోలీసు చర్య పేరుతో సైన్యం హైదరాబాద్ రాజ్యంలోకి వచ్చింది. ఐదు రోజుల్లో నిజాం లొంగిపోయాడు. రజాకార్ల దౌర్జన్యం నుంచి ఊళ్ళు ఊపిరి పీల్చుకున్నాయి, అది నిజం. ఆ తర్వాత వారాల్లో మరఠ్వాడా, కర్ణాటక ప్రాంతపు జిల్లాల్లో ఎక్కువగా, వేలమంది ముస్లింలు ఊచకోతకి గురయ్యారు, అదీ నిజం. నెహ్రూ పంపిన సుందర్‌లాల్ కమిటీ తక్కువలో తక్కువ 27,000 నుంచి 40,000 మంది చనిపోయి ఉంటారని అంచనా కట్టింది. ఆ నివేదిక దశాబ్దాల పాటు బయటికి రాలేదు. మన సినిమా ఆ కాలాన్ని పట్టుకున్నప్పుడల్లా గుర్రాలు, తుపాకులు, తగలబడే గుడిసెలు కనపడతాయి. ఆ చలికాలం ఒక ఇంట్లో, మగవాళ్ళెవరూ తిరిగిరాని ఇంట్లో, పొయ్యి దగ్గర కూర్చున్న ఒక తల్లిని గంటా పావు పాటు చూపించే సినిమా నాకు కావాలి. అదే సినిమాలో పక్క వీధిలో రజాకార్లు కొడుకుని చంపిన ఇంకో తల్లి కూడా ఉండాలి. ఎవరి దుఃఖం ఎక్కువో తేల్చే పని దానికి అక్కర్లేదు.

2025 మే 7న సాయంత్రం నాలుగు గంటలకి సికింద్రాబాద్, గోల్కొండ, కంచన్‌బాగ్, మౌలాలిలో మాక్ డ్రిల్ సైరన్లు మోగాయి. చాలామంది ఫోన్లు తీసి వీడియోలు పట్టారు. తప్పు పట్టను, వాళ్ళకి యుద్ధం ఇంతవరకూ తెర మీదే కనపడింది. క్షిపణులు తయారయ్యే ఊళ్ళో, రెజిమెంట్లు బయల్దేరే ఊళ్ళో ఉంటూ మనం యుద్ధాన్ని ప్రేక్షకుల్లా చూస్తున్నామంటే, మన సినిమా మనకి దాన్ని అలాగే నేర్పింది కాబట్టి.

అందుకే ఒక పని పెట్టుకున్నాను. 'పుర హంద కలువర'కి తెలుగు సబ్‌టైటిళ్ళు రాస్తున్నాను. ఇంగ్లీషు సబ్‌టైటిళ్ళ మీద ఆధారపడితే ఆ పల్లె మాట సగం పోతోంది. వన్నిహామి కూతురిని పిలిచే తీరు, పెద్దమనుషులు ఆయనతో గౌరవంగా బెదిరించే తీరు అందులో రావట్లేదు. సింహళం బాగా వచ్చినవాళ్ళు, ఆ దేశంలో పనిచేసి వచ్చిన తెలుగువాళ్ళు ఎవరైనా ఉంటే ఒక్కసారి నాతో కూర్చోండి. రాత పని అయ్యాక దర్శకుడి అనుమతి అడిగి, దొరికితే అల్వాల్, సైనిక్‌పురి, నేరేడ్‌మెట్ వైపు మాజీ సైనికుల కుటుంబాలు ఎక్కువగా ఉండే కాలనీల్లోనే మొదట వేయాలని ఉంది. కమ్యూనిటీ హాలు, ప్రొజెక్టర్, కుర్చీలు నేను చూసుకుంటాను. సినిమా అయ్యాక వెంటనే లైట్లు వేసి చర్చ మొదలుపెట్టొద్దని మాత్రం ముందే అనుకుంటున్నాను, మాట్లాడాలనుకున్నవాళ్ళు వాళ్ళంతట వాళ్ళే మాట్లాడతారు. ట్రంకు పెట్టెలు ఇంకా ఇళ్ళల్లో ఉన్నవాళ్ళు వస్తే, వాళ్ళు ఒప్పుకుంటే, ఆ మాటలు రికార్డు చేసి పెడదాం. మనదంటూ ఒక సినిమా ఎవరైనా తీయాలనుకున్న రోజున వాళ్ళకి పనికొస్తాయి.